వేపచెట్టు కింద చీర

"పోయినేడు మార్చి మూడో తేదీ, శుక్రవారం. ఆ మధ్యాహ్నం మనింట్లో ఏం తిన్నామో చెప్పు నాన్నా," అంది పునీత.

పరశురాముడు తడుముకోలేదు. "మునక్కాడ సాంబారు, ఇకన్ బిలిస్ వేపుడు. నెత్తళ్ళు తక్కువ, ఉల్లిపాయ ఎక్కువ. పెరుగు లేదు. పాసార్ బజారు నించి తెమ్మంటే మర్చిపోయి వచ్చేశాను."

"అన్నీ గుర్తున్నాయన్నమాట."

"ఉండవేటమ్మా."

"అయితే ఆ రోజు అమ్మ ఏ చీర కట్టుకుందో చెప్పు."

ఆయన కళ్ళు ఆమె చేతుల వైపు వెళ్ళాయి.

ఆ చీర పునీత చేతుల్లోనే ఉంది. ఆకుపచ్చ మీద సన్నటి తెల్లగళ్ళ నేతచీర. కిటికీ బయట వెదురుగడ మీంచి అప్పుడే లాక్కొచ్చింది. గడ ఇంకా ఊగుతూనే ఉంది. తొమ్మిదో అంతస్తు గాలికి చీర గరగరలాడుతూ ఆరింది. గదంతా సబ్బుపొడి వాసన.

"అమ్మ ఆస్పత్రికి వెళ్ళింది దీన్లో. వాళ్ళు ప్లాస్టిక్ సంచిలో పెట్టి నా చేతికిచ్చారు. ఏడాది నించి నేను ఉతకలేదు. ఎందుకు ఉతకలేదో నీకు తెలుసా?"

పరశురాముడికి తెలిసింది. ఇప్పుడు తెలిసింది.

"మసిగుడ్డల సంచి అనుకున్నానమ్మా," అన్నాడు. "మీ అమ్మ పాత చీరలన్నీ స్టోర్‌రూంలో అలాగే మూటకట్టి పెట్టేది కదేటి. చింపి తడిగుడ్డలు చేసేది. నేను అదే అనుకుని..."

"అదే అనుకుని వేపచెట్టు కింద నేల మీద పరిచావు."

"వేపపువ్వు సన్నం కదా. పేపరు మీదైతే గాలికి లేచిపోతుంది. నూలుగుడ్డైతే పట్టుకుంటుందని పరిచాను. ఏరడం అయ్యేసరికి మట్టయింది. అందుకని..."

"ఉతికావు." పునీత గొంతు పెంచలేదు. పెంచితే బాగుండుననిపించింది ఆయనకి. "ముప్పై నాలుగేళ్ళ కాపురంలో ఒక్కసారి అమ్మ చీర ఉతికావా నాన్నా? ఒక్కసారి? చివరికి ఉతికావు."

సోఫాలో లాప్‌టాప్ ఒళ్ళో పెట్టుకుని కూర్చున్న అల్లుడు ఉపేంద్ర గొంతు సవరించుకున్నాడు. మంగళవారం అతని ఆఫీసులో ఏదో పెద్ద రిలీజు. శనివారం కూడా వన్-నార్త్‌లో ఆఫీసుకెళ్ళి అప్పుడే వచ్చాడు, మెడలో కార్డు ఇంకా తియ్యలేదు.

"పోనీలే పునీతా. మామయ్యగారు కావాలని చేశారా? చీర చెక్కుచెదరలేదు, శుభ్రంగా..."

"నువ్వు ఊరుకో, ఉపేన్."

ఉపేంద్ర ఊరుకున్నాడు. కోనసీమ కుర్రాడైనా ఎప్పుడు మాట్లాడకూడదో పెళ్ళయిన ఆరేళ్ళలో నేర్చుకున్నాడు, కాకపోతే ఎప్పుడూ ఒక్క వాక్యం ఆలస్యంగా.

"ఆ పువ్వు ఎక్కడ పారేస్తావో పారెయ్," అంది పునీత. "ఈ ఇంట్లో ఉగాది లేదు."

"సంవత్సరీకం అయిపోయింది కదమ్మా. ఇక పండగలు చేసుకోవచ్చని పంతులుగారే..."

"పంతులుగారికి అయిపోయింది. నీకూ అయిపోయినట్టుంది. నాకు అవలేదు."

"కింద ఊడ్చే తిరుమలేష్ వాళ్ళకి మాటిచ్చేశాను. ముప్పై రెండు మంది. మంగళవారం పచ్చడి చేసి పెడతానన్నాను."

"నన్నడిగి ఇచ్చావా?"

చీర గుండెకి అదుముకుని లోపలికి వెళ్ళింది. తలుపు దభీమని పడింది. ఫ్రిజ్ మీది గాజుసీసాలు కాసేపు తమలో తాము మాట్లాడుకుని ఊరుకున్నాయి.

*

ఈ ఊళ్ళో శిశిరం లేదంటారు. పరాకుగా ఉండేవాళ్ళ మాట అది.

నవంబరులో వానలు పట్టుకుంటాయి. జనవరి దాకా ఆకాశం తడిగుడ్డలా వేలాడుతుంది. ఫాన్లు ఆపేస్తారు. ఆ వానలన్నీ పరశురాముడు మంచం మీదే విన్నాడు. ఓడలు కట్టేచోట పాతికేళ్ళు డ్రాయింగు బల్ల ముందు నిలబడ్డ మనిషి, రిటైరైన మూడో ఏట భార్య పోయాక, గోడవైపు తిరిగి పడుకుంటే మళ్ళీ ఇటు తిరగలేదు. పునీత పొద్దున కాఫీ పెట్టి స్కూలు ఆఫీసులో పనికి వెళ్ళేది. సాయంత్రం వచ్చి చల్లారిన కప్పు తీసేది. రాత్రి కంచం తెచ్చి పక్కన కూర్చునేది. "నాలుగు ముద్దలు నాన్నా. మూడైనా సరే" అనేది. ఏడాదిలో ఒక్కరోజు కూడా ఆ బేరం మానలేదు.

ఫిబ్రవరిలో వానలు ఆగిపోయాయి. గడ్డి పచ్చదనం పోయి గోధుమరంగుకి తిరిగింది. చెట్లు ఎవరో చెప్పినట్టు ఆకులు దులుపుకున్నాయి. ఆ తరవాత మార్చి ఆఖరివారంలో ఒక సాయంత్రం ఒకే ఒక్క జల్లు పడింది. మర్నాడు రోడ్డు పక్క చెట్లకి ఆకు కనపడకుండా గులాబిరంగు పువ్వులు. బస్సుస్టాపులో చీనా ముసలమ్మలు తలలెత్తి చూస్తున్నారు.

అదే పొద్దున, చెత్త పడేసే గొట్టం మూత ఇరుక్కుపోయిందని పరశురాముడు సంచి పట్టుకుని కిందికి దిగాడు. అది కూడా పునీత పంపితేనే. బ్లాకు చివర మలుపు తిరిగేసరికి ముక్కుకి ఏదో తగిలింది. తీపి కాదు, చేదు కాదు. పదకొండేళ్ళుగా ఆ మలుపు తిరుగుతున్నాడు. అక్కడున్నది వేపచెట్టని ఆయనకి అప్పుడు తెలిసింది.

చెట్టు కింద చీపురు ఆనించుకుని ఒకతను నిలబడి ఉన్నాడు. రాలిన తెల్లటి పువ్వుని చూస్తున్నాడు, ఊడవడం లేదు.

"నేను ఊడిస్తె ఇదంత చెత్తకుండీల పడతది అంకుల్," అన్నాడు, ముఖం చూసి తెలుగువాడని ఎలా పోల్చాడో. "మనసొప్పుత లేదు."

జగిత్యాల దగ్గరి తిరుమలేష్. వచ్చి నాలుగేళ్ళు. చెట్టు మీద పువ్వు తెంపితే జరిమానా, రాలింది ఏరుకుంటే ఎవరూ ఏమీ అనరని అతనే చెప్పాడు. ఏడున్నర దాకా ఆ దిక్కు ఊడవనని కూడా అతనే అన్నాడు. ఆ రోజు నించి పరశురాముడు పొద్దున్నే ఆరింటికి లేస్తున్నాడు. గోడ ఎటు ఉందో మర్చిపోయాడు.

*

ఆదివారం పొద్దున ఉత్త చేతులతో దిగాడు. చెప్పాల్సిన మాట లిఫ్టులో రెండుసార్లు అనుకున్నాడు. మా ఇంట్లో పండగ లేదు బాబూ, ఏమనుకోకు.

తిరుమలేష్‌కి ఆదివారం సెలవు. అయినా వచ్చి ఉన్నాడు. డ్యూటీ డ్రెస్సు కాకుండా ఇస్త్రీచొక్కా వేసుకుంటే పదేళ్ళు చిన్నగా కనిపించాడు.

"ఏంది అంకుల్, బట్ట తేలేదా? ఏం ఫికర్ లేదు. నేనే అర్ధగంట ఏరిన." పొట్లం విప్పాడు. పుల్ల లేకుండా, ఆకు లేకుండా ఏరిన పువ్వు. "మావోళ్ళు నిన్ననే టెక్కా మార్కెట్ పోయి బెల్లం, మామిడికాయలు తెచ్చిండ్రు. కలుపనీకె పెద్ద గంజు మేస్త్రీ ఇంట్ల అడిగినం. మంగళారం డ్యూటీ దిగి, తానాలు చేసి, ఏడుగొట్టంగ తింటం. మీదే ఆలస్యం."

"తిరుమలేష్..."

"నాలుగేండ్లాయె అంకుల్, ఉగాది పచ్చడి నోట్లె పడక. పోయినేడు ఒకడు వేపపువ్వు దొరకలేదని వేపాకు నూరి కలిపిండు. ముప్పైమందిమి నీళ్ళ పంపుకాడ లైను కట్టినం."

పరశురాముడికి నవ్వొచ్చింది. ఆపుకుందామనుకున్నాడు కానీ ఆగలేదు. నవ్వాక చెప్పడం ఇంకా కష్టమైంది.

"మా ఇంట్లో ఈ ఏడు పండగ చెయ్యకూడదు బాబూ. మా అమ్మాయి మనసు బాగాలేదు. వాళ్ళమ్మ పోయి ఏడాదే అయింది."

తిరుమలేష్ ముఖంలోంచి నవ్వు మెల్లగా దిగింది. పొట్లం మడత పెట్టాడు, విప్పాడు.

"మీ ఇంట్ల వద్దు అంకుల్. మా రూంకు రాండ్రి. కాకి బుకిత్. ఆడ పండుగ మాది, మీకు అంటదు. మీరు వచ్చి చెయ్యి పెడితె చాలు."

చుట్టూ తిరిగి వచ్చినా దారి ఒకటి కనిపించింది. ఇంట్లో గిన్నె కదలదు, మాట తప్పినట్టూ కాదు. "వస్తాను," అన్నాడు పరశురాముడు.

*

లిఫ్టు దగ్గర ఉపేంద్ర ఎదురుపడ్డాడు. చేతిలో, ఇక్కడి కొట్లలో పోసిచ్చే రెండు ప్లాస్టిక్ సంచుల కాఫీ, పైన తాడు బిగించి. ఒకటి మామగారి చేతిలో పెట్టాడు. ఇద్దరూ పేవ్‌మెంటు బల్ల మీద కూర్చున్నారు.

"రాత్రి నిద్రపోలేదండి తను," అన్నాడు ఉపేంద్ర. "స్టోర్‌రూంలో కూర్చుంది. నాకూ నిన్ననే తెలిసింది మామయ్యగారూ. ప్రతి శుక్రవారం మీకు కంచం పెట్టాక లోపలికెళ్ళి తలుపేసుకునేదట. ఆ సంచి విప్పి, ఒక్కసారి వాసన చూసి, గబుక్కున మూసేసేదట. ఎక్కువసేపు తెరిస్తే అయిపోతుందని."

పరశురాముడు కాఫీ తాగలేదు. గడ్డిలో మైనా ఒకటి వంగి, లేచి, వంగి, ఎండుపుల్ల కోసం పోట్లాడుతోంది.

"నేను మంచం మీదున్న రోజుల్లో పునీత ఏడవడం ఒక్కసారీ చూళ్ళేదు," అన్నాడు చివరికి. "గట్టిపిల్ల అనుకున్నాను."

"నేనూ అలాగే అనుకున్నానండి. నాకైతే ఒకటి అనిపిస్తోంది. తప్పైతే క్షమించండి." ఉపేంద్ర తాడు వేలికి చుట్టుకున్నాడు. "మా సపోర్టు టీములో ఒక రూలుందండి. రాత్రి షిఫ్టువాడు వచ్చి కుర్చీలో కూర్చునేదాకా పగటివాడు లేవకూడదు. ఎంత నిద్రొచ్చినా సరే. ఏడాదిగా ఈ ఇంట్లో షిఫ్టు తనొక్కత్తే చేసింది. ఇప్పుడు మీరు లేచొచ్చారు. తను పడిపోతోంది. మీరొచ్చారు కాబట్టే పడిపోతోందేమో అండి."

ఆ మాట ఆయన ఎప్పుడూ విననిది. అల్లుడు రోజుకి పధ్నాలుగు గంటలు ఆ డబ్బా ముందు ఏం చేస్తాడా అనుకునేవాడు ఇన్నాళ్ళూ.

"చల్లారిపోద్దండి, తాగండి," అన్నాడు ఉపేంద్ర.

*

రాత్రి ఎనిమిదిన్నరకి ముగ్గురూ అన్నం తిన్నారు. వండింది పరశురాముడే. చారు, అప్పడాలు. చారులో ఉప్పు తక్కువైంది, ఎవరూ అనలేదు. ఉపేంద్ర తినేసి ఫోన్ మోగితే లాప్‌టాప్‌తో గదిలోకి పోయాడు. అమెరికావాళ్ళకి పొద్దయిందట.

"మంగళవారం నేను కాకి బుకిత్ వెళ్తానమ్మా," అన్నాడు పరశురాముడు. "ఇంట్లో ఏమీ చెయ్యను. పువ్వు కూడా ఇంట్లోకి తేలేదు. వాళ్ళ రూంలోనే చేసేసి, తొమ్మిదికల్లా వచ్చేస్తాను."

పునీత కంచంలో గీతలు గీస్తోంది.

"వెళ్ళు."

"నీకు ఇష్టం లేకపోతే..."

"వెళ్ళమన్నాను కదా." గోడకున్న క్యాలెండరు వైపు చూస్తూ అంది, "మంగళవారం నేను లీవులో ఉంటాను. జనవరిలోనే పెట్టేశాను. ఏటా ఉగాదికి పెడతాను కదా, చెయ్యి అలవాటుగా రాసేసింది. నిన్న కేన్సిల్ చేద్దామంటే ఆఫీసుకి సెలవు. ఉపేన్‌కి రిలీజు, పదింటికి ముందు రాడు. నువ్వూ వెళ్తావు. సర్లే, ఇల్లు తుడుచుకుంటాను."

రోజంతా. ఆ ఇంట్లో. ఒక్కతీ.

పరశురాముడు చెయ్యి కడుక్కున్నాడు. వంటింటి కిటికీ దగ్గర నిలబడి కాసేపు ఎదుటి బ్లాకు దీపాలు చూశాడు. ఒకవైపు ముప్పై రెండు మంది, మేస్త్రీ ఇంట్లో అడిగి తెచ్చిన గంజు, నాలుగేళ్ళు. ఇంకోవైపు, మూడు ముద్దలైనా సరే నాన్నా అన్న పిల్ల.

లెక్క చాలా తేలికగా తేలింది. తేలాక తిరుమలేష్ ముఖం కళ్ళముందు కదిలింది, అంతే.

హాల్లోకి వచ్చి ఫోన్ తీశాడు. చెవి సరిగా వినపడక స్పీకరు నొక్కడం ఆయన అలవాటు.

"తిరుమలేష్, నేనయ్యా. మంగళవారం రాలేను."

అవతల ఏదో టీవీ, నలుగురి మాటలు, గిన్నెల చప్పుడు. అవి ఒక్కసారిగా తగ్గాయి.

"పాణం బాగలేదా అంకుల్?"

"బాగానే ఉంది. ఇంటిదగ్గర ఉండాలి. మాట తప్పాను, ఏమనుకోకు."

పునీత కంచం తీస్తున్నదల్లా ఆగింది.

"గట్లనా..." తిరుమలేష్ గొంతు కిందికి జారింది. తరవాత గొంతుని తనే లేపుకున్నాడు. "సరె అంకుల్, ఇల్లు ముందు. ఎట్ల చెయ్యాల్నో చెప్పుండ్రి, మేమే చేసుకుంటం. రాసుకుంటున్న. ముప్పై రెండు మందికి చింతపండు ఎంత, బెల్లమెంత?"

పరశురాముడు ఫోన్ వైపు చూశాడు.

ముప్పై నాలుగు ఉగాదులకి ఆయన పచ్చడి తిన్నాడు. బాగుందన్నాడు. ఒకసారి పులుపెక్కువైందని కూడా అన్నాడు. చేస్తుంటే ఏనాడూ పక్కన నిలబడలేదు. పదిరోజులుగా పువ్వు ఏరుతున్నాడే గాని, ఏరాక ఏం చెయ్యాలో తనకి తెలియదన్న సంగతి ఆయనకే ఇప్పటిదాకా తట్టలేదు.

"చింతపండు అంటే... ఒక అంచనాగా..."

"అంచన అంటె అంకుల్? మావోళ్ళ అంచనాలకు పోయినేడే నోళ్ళు కాలినయ్."

"ఒక... కిలో?"

"కిలో వేస్తే ముప్పై రెండు మందికీ పళ్ళు పులుస్తాయి నాన్నా," అంది పునీత వెనకనించి.

ఆయన తిరగలేదు. తిరిగితే ఆగిపోతుందేమోనని భయం.

"పావుకిలో చాలని చెప్పు. వేడినీళ్ళలో ముందు నానెయ్యాలి."

"ఎవరు అంకుల్, అక్కనా? అక్కా, నమస్తే. బెల్లం అక్కా?"

పునీత దగ్గరికి వచ్చి బల్ల అంచు పట్టుకుని నిలబడింది. "కిలోన్నర. చితక్కొట్టి పులుసులో కరగనివ్వండి. ఉప్పు ముందే వేసెయ్యొద్దు. మామిడికాయ చెక్కు తియ్యకండి, సన్నగా తరగండి. పచ్చిమిర్చి నాలుగైదు. అరటిపండ్లు ఓ డజను."

"అరటిపండా? మా దిక్కు వెయ్యరక్కా."

"మా సొంతగడ్డ పేరాక్‌లో వేస్తారు."

"సరె, పేరాక్ పద్ధతే రాసిన. ఇంకొకటక్కా. తాగేటట్టు చెయ్యాల్నా, తినేటట్టు చెయ్యాల్నా? మా దగ్గర గిలాసల పోసుకుని తాగుతం. ఈడ ఇద్దరు గుంటూరోళ్ళున్నరు, తాగేదాన్ని పచ్చడి అనరని పొద్దటిసంది లొల్లి."

గదిలోంచి ఉపేంద్ర గొంతు, "తినాలండీ! తాగేదేంటండీ అసలు!" అమెరికావాళ్ళు ఏమనుకున్నారో తెలియదు.

పునీత పెదవి చివర ఏదో కదిలింది. నవ్వని చెప్పలేం. "చెంచాతో తినేటట్టే చెయ్యండి. తాగాలనుకున్నవాళ్ళు నీళ్ళు కలుపుకుంటారు."

"భలే తీర్పు. వేపపువ్వు?"

"ఆఖర్న. అన్నీ కలిపాక. ముందేస్తే చేదు మొత్తం ఎక్కేస్తుంది." తడబాటు లేకుండా చెప్పుకుపోతోంది. "ఏడెనిమిది మందికి ఒక గుప్పెడు. మీకు నాలుగు గుప్పెళ్ళు."

"ఎవల గుప్పెడక్కా? మావి గునపాలు పట్టే చేతులు. మా గుప్పెడు నాలుగేస్తె మింగుడు కష్టం."

పునీత పట్టుకున్న బల్ల అంచు వదిలేసింది.

కుడిచెయ్యి విప్పి చూసుకుంది. మూసింది. విప్పింది. "నాన్నా, నీ చెయ్యి," అంది. పరశురాముడు చాచాడు. ఆయన అరచెయ్యి పక్కన తనది పెట్టి, వేళ్ళ కొసలు చూసి, ఎవరిదో మూడో చెయ్యి వెతుకుతున్నట్టు రెండింటి మధ్య ఖాళీ చూసింది. "అమ్మది నాకన్నా చిన్నది," అంది. అనగానే ముఖం అంతా ఒక్కసారిగా ముడుచుకుపోయింది. ఏడాదిగా రాని ఏడుపు అది. చప్పుడు లేదు. భుజాలు మాత్రం ఆగడం లేదు.

పరశురాముడు చెయ్యి వెనక్కి తీసుకోలేదు. ఏడవకమ్మా అని కూడా అనలేదు.

"హలో? అక్కా? లైను పోయిందా?"

చాలాసేపు పట్టింది. పునీత చున్నీతో ముక్కు తుడుచుకుని ఫోన్ మీదికి వంగింది.

"ఉన్నాను. రాసుకోండి. గుప్పెడు కొలత మీరు పెట్టకండి. మా నాన్న వస్తాడు. ఆయన గుప్పెడు నిండా కాదు, ముప్పావు. ఆయన చేతే వేయించండి."

"అంకుల్ రానన్నరు గదా అక్కా?"

"వస్తాడు."

అవతల కేకలు లేచాయి. ఎవరో గిన్నె మీద దరువేశారు. పరశురాముడు ఫోన్ ఆపాడు.

"నిన్నొక్కదాన్నీ ఇంట్లో వదిలేసి నేను వెళ్ళలేనమ్మా," అన్నాడు.

పునీత కంచాలు సింకులో పెట్టింది. పంపు తిప్పి, ముఖం కడుక్కుని, తడిచేతులతోనే నిలబడింది.

"కాకి బుకిత్ అంటే రెండు బస్సులు మారాలి," అంది. "ఎన్నింటికి బయల్దేరాలి?"

"నాలుగింటికి."

"నాలుగంటే స్కూళ్ళు వదిలే టైము. రష్ ఉంటుంది. మూడున్నరకే ఎక్కాలి."

ఎవరు ఎక్కాలో చెప్పలేదు. ఆయన అడగలేదు. పునీత నీళ్ళసీసా తీసుకుని గది దాకా వెళ్ళి, ఫోన్‌లో మాట్లాడుతున్న ఉపేంద్రకి చప్పుడు కాకుండా మెల్లగా తలుపు దగ్గరికి వేసుకుంది.